పేరున్న ఊరూ, పనున్న ఊరూ

పట్టణాలలో కనబడే అసమానతను గురించి మన విద్యావంతులలో ఒక అభిప్రాయం చాలాకాలంగా పాతుకుపోయి వుంది. పల్లెనుంచి వచ్చినవాడు తన పేదరికాన్ని మూటగట్టుకొని వస్తాడు. పట్టణం దాన్ని అతనికి కొత్తగా యివ్వలేదు. నాలుగేళ్ళు గడిచి పిల్లలు చదువుకుంటే ఆ మూట దానంతటదే విడిపోతుంది అని ఆ అభిప్రాయం. అధ్యాపకుల గదులలో సైతం యీ మాట తరచు వినబడుతుంది. చెప్పేవారికి మనశ్శాంతి కలిగించే మాటే గాని, చరిత్ర దీన్ని సమర్థించదు. పట్టణంలో ఎవరు ఏ మెట్టుమీద నిలబడాలో నిర్ణయించేది చాలావరకు ప్రభుత్వం వ్రాయించే రిజిస్టరు. మనిషి పేరు ఒక ఊళ్ళోనూ, పని మరొక ఊళ్ళోనూ వుండేటట్టు చేసి, ఆ రెంటి మధ్య దూరాన్ని యజమానికి లాభంగా మార్చే విధానాలు వున్నాయి. గరివిడి చరిత్రలో దీనికి సాక్ష్యం వుంది. ఉత్తరాంధ్ర వలసల చరిత్రలో వుంది. మనలో చాలామంది ఆశతో చూసిన చైనా చరిత్రలోనూ వుంది.

గరివిడినుంచే మొదలుపెడతాను. నేను వుంటున్న ఊరు కావడం ఒక్కటే దీనికి కారణం కాదు. ప్రభుత్వ విధానం మట్టిలోంచి ఒక పట్టణాన్ని ఎలా లేపుతుందో, లేపినదాన్ని ఎలా రెండుగా చీలుస్తుందో చూడడానికి యింతకంటె స్పష్టమైన చోటు మన జిల్లాలో మరొకటి లేదు.

భారతదేశంలో మాంగనీసు తవ్వకం 1892లో ఆనాటి విశాఖపట్టణం జిల్లాలోనే ప్రారంభమయింది. గర్భాం, కోడూరు గనుల పేర్లు భూగర్భ శాస్త్రజ్ఞులకు సుపరిచితం. ఫెర్మర్ అనే భూగర్భ శాస్త్రవేత్త 1909లో ప్రచురించిన తన బృహద్గ్రంథంలో యీ గనులను సవిస్తరంగా వర్ణించాడు. కోడూరు పేరుమీదనే ఒక రకపు రాతికి కోడురైట్ అని నామకరణం చేశాడు. మన రాయికి పేరు పెట్టారు గాని, ఆ రాయిని తట్టలతో మోసినవారి పేర్లు ఏ గ్రంథానికీ ఎక్కలేదు. ఇక్కడ తవ్విన ఖనిజం ముడిగానే ఓడలెక్కి పరదేశపు ఉక్కు కొలుములకు పోయింది. తూర్పుకోస్తా రైలుమార్గం 1890లలో పడింది. విజయనగరం, రాయపూరు మధ్య లైను 1931లో పూర్తయింది. విశాఖ రేవు 1933లో తెరిచారు. మధ్యపరగణాల మాంగనీసును సముద్రానికి చేర్చడం ఆ రేవు నిర్మాణానికి ఒక ముఖ్యోద్దేశం. ఉత్తరాంధ్ర మొదటి ఆధునిక పట్టణజీవితం యీ ఎగుమతి దారివెంట కట్టుకున్నది. రాయి దిగుమతిదారుకు, గని కూలి యిక్కడివాడికి!

స్వాతంత్ర్యం వచ్చిన తరువాత జరిగిన మార్పు సామాన్యమైనది కాదు. ముడిరాయిని అమ్ముకునే బదులు దాన్ని యిక్కడే కరగించాలనే ఆలోచన వచ్చింది. ఫెర్రో మాంగనీసు తయారుకావాలంటే మాంగనీసు ఎంత అవసరమో విద్యుత్తూ అంత అవసరం. ఒక్క టన్నుకు రెండున్నరవేల యూనిట్లకు పైగా ఖర్చవుతుంది. అంటే యీ పరిశ్రమలో విద్యుత్తు ఒక ముడిసరుకే. మాచ్‌ఖండ్ జలవిద్యుత్ కేంద్రాన్ని 1955 ఆగస్టులో రాష్ట్రపతి రాజేంద్రప్రసాద్ ప్రారంభించారు. ఆ సంవత్సరమే ఫెర్రో ఎల్లాయీస్ కార్పొరేషన్ ఏర్పడింది. గరివిడిని ఆనుకొని కర్మాగారం లేచింది, దాని చుట్టూ శ్రీరామనగర్ లేచింది. పక్కన గని, ముందు రైలు, కొండలమీదినుంచి కరెంటు. ఈ మూడింటిలో రైలూ, కరెంటూ ప్రజల సొమ్ముతో వచ్చినవి.

1956 ఏప్రిల్ 30 నాటి పారిశ్రామిక విధాన తీర్మానాన్ని యిక్కడ గుర్తుచేసుకోవాలి. ఆ తీర్మానం మాంగనీసు తవ్వకాన్ని ప్రభుత్వానికే ప్రత్యేకించిన మొదటి పట్టికలో చేర్చింది. ఫెర్రో ఎల్లాయీలను రెండవ పట్టికలో, అంటే ప్రభుత్వం క్రమంగా తన చేతిలోకి తీసుకోవలసిన పరిశ్రమలలో చేర్చింది. కాగితంమీది పట్టికకూ గరివిడిలో జరిగినదానికీ ఎంత దూరమో పాఠకులే చూడవచ్చు. కొలుము ప్రైవేటు పెట్టుబడి చేతిలోనే వుండిపోయింది. నాకు అంతకంటె ముఖ్యంగా తోచేది మరొకటి. యజమాని ప్రభుత్వమైనా, సేఠు అయినా, కార్మికుణ్ణి రెండు జాతులుగా విడదీసిన గీత మాత్రం ఒక్కటే.

ఆ గీత ఏమిటి? 1947 పారిశ్రామిక వివాదాల చట్టం, 1948 ఫ్యాక్టరీల చట్టం, అదే ఏటి ఇ.ఎస్.ఐ. చట్టం, 1952 ప్రావిడెంటు ఫండు చట్టం పోరాడి తెచ్చుకున్నవి. వీటిని చిన్నచూపు చూసేవాడు కార్మికోద్యమ చరిత్ర తెలియనివాడు. కాని యివన్నీ ఆచరణలో ఎవరికి అందాయి? కంపెనీ రిజిస్టరులో పేరున్నవాడికి. అతనికి జీతం, సెలవు, వైద్యం, యింటి వసతి. అదే గేటులోంచి వచ్చి, అదే పొగ పీల్చి, గుత్తేదారు మస్తరులో వేలిముద్ర వేసేవాడికి ఆనాటి కూలి మాత్రమే. ఫ్యాక్టరీ వున్న ఏ ఊరికి వెళ్ళినా 'పర్మినెంటు', 'కాంట్రాక్టు' అనే రెండు మాటలు కులం పేర్లలాగా వాడడం వినవచ్చు. 'పర్మినెంటువాళ్ళ సంబంధం' అంటే పెళ్ళిబేరంలో విలువ పెరుగుతుంది. తెలుగు పాఠం చెప్పుకునేవాణ్ణి గనుక నాకు మాటలమీదికి ముందు చెవి పోతుంది. ఒక పరభాషా విశేషణం మన ఊళ్ళలో గోత్రంలాగా స్థిరపడడానికి ముప్పై నలభై ఏళ్ళు చాలాయి.

1970లో వచ్చిన కాంట్రాక్టు కార్మికుల చట్టం యీ గీతను చెరపవలసింది. శాశ్వత స్వభావం కలిగిన పనులలో కాంట్రాక్టు పద్ధతిని నిషేధించే అధికారాన్ని ప్రభుత్వానికి యిచ్చింది. నిషేధించిన తరువాత ఆ కార్మికుడి గతి ఏమిటో మాత్రం చెప్పలేదు. 1996 డిసెంబరులో ఎయిర్ ఇండియా కేసులో సుప్రీంకోర్టు, అలాంటి కార్మికుడు అసలు యజమాని కింద శాశ్వత ఉద్యోగి అవుతాడని చెప్పింది. 2001 ఆగస్టు 30న ఉక్కు ప్రాధికార సంస్థ కేసులో అదే కోర్టు, అలా దానంతటదే కాదని తిరగరాసింది. 2003లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం చట్టానికి సవరణ తెచ్చి, 'ముఖ్యమైన' పని, 'ముఖ్యంకాని' పని అని విభజించి, రెండవదానిలో కాంట్రాక్టుకు తలుపులు బార్లా తీసింది. ఊడ్చడం, మోయడం, కాపలా కాయడం, వండి పెట్టడం ముఖ్యంకాని పనులట! అవి ఒక్కరోజు ఆగితే ముఖ్యమైనవి ఎన్ని గంటలు నడుస్తాయో శాసనకర్తలు ఆలోచించలేదు.

ఈ సవరణ దెబ్బ ఏ వీపుమీద పడిందో కూడా చూడాలి. ఉత్తరాంధ్ర పురపాలక సంఘాలలో పాకీపని, వీధులూడ్చే పని తరతరాలుగా చేస్తూ వచ్చినవారిలో రెల్లి కులస్థులు ఎక్కువ. వెనుకటి తరంలో, ఎంత నీచంగా చూసినా, పురపాలక సంఘం రిజిస్టరులో వారికి పేరు వుండేది. కులం వల్ల వచ్చిన పని కొనసాగింది. పనివల్ల వచ్చిన పేరు మాత్రం గుత్తేదారు దగ్గరికి పోయింది. 2015 జూలైలోనూ, 2023 డిసెంబరు చివరలోనూ రాష్ట్రమంతటా పారిశుద్ధ్య కార్మికులు చేసిన సమ్మెలలో ప్రధానంగా వినబడిన కోర్కెలు రెండు. ఒకటి జీతం, రెండవది పర్మినెంటు చెయ్యడం. పాత అసమానతను కొత్త ప్రభుత్వ విధానం మోసుకుపోయే తీరు యిది.

విద్యుత్తు సంగతి ఒక్కమాటలో ముగిస్తాను. 1998 విద్యుత్ సంస్కరణల చట్టం తరువాత కరెంటు కూడా బజారు సరుకయింది. పెంచిన చార్జీలకు వ్యతిరేకంగా 2000 ఆగస్టు 28న హైదరాబాదు బషీర్‌బాగ్‌లో జరిగిన ప్రదర్శనమీద కాల్పులు జరిగాయి. ధర పెరిగినప్పుడల్లా రాష్ట్రంలోని ఫెర్రో కర్మాగారాలు మూతపడుతూ, తెరుచుకుంటూ వచ్చాయి. గరివిడి కూడా ఆ చరిత్రలో భాగమే. కొలుము ఆరినప్పుడు రిజిస్టరులో పేరున్నవాడికి సంఘం వుంది, కోర్టు వుంది, కనీసం బకాయి వుంది. మస్తరులో వేలిముద్ర వేసినవాడికి రైల్వేస్టేషన్ వుంది.

ఇక్కడ చైనా ప్రసక్తి తెస్తున్నాను. శ్రీరామనగర్ వంటి కంపెనీ కాలనీని పెద్దదిచేసి దేశమంతటా పరిస్తే 1950ల, 60ల చైనా పట్టణం కనబడుతుంది. అక్కడ దాన్ని 'దాన్‌వెయ్' అన్నారు, అంటే పనిచేసే సంస్థ. ఇల్లు, ఆస్పత్రి, పిల్లల బడి, ముసలితనంలో పింఛను, పెళ్ళికి అనుమతిపత్రం సైతం దాన్‌వెయ్ నుంచే. ఆ గోడల లోపల మేనేజరుకూ కార్మికుడికీ జీతాల తేడా మన దేశంతో పోలిస్తే చాలా స్వల్పం. ఇది కాదనలేని విజయం. అసలు అసమానత గోడకు అవతల వుంది.

చైనా 1954 రాజ్యాంగం పౌరులకు నివాస స్వేచ్ఛను, నివాసం మార్చుకునే స్వేచ్ఛను యిచ్చింది. నాలుగేళ్ళు తిరగకముందే, 1958 జనవరి 9న, హుకౌ నిబంధనలు అమలులోకి వచ్చాయి. ప్రతి మనిషికీ ఒక ఊరు, ఒక తరగతి: వ్యవసాయం, వ్యవసాయేతరం. 1975 రాజ్యాంగంలో ఆ నివాస స్వేచ్ఛ వాక్యమే తొలగించారు. 1982 రాజ్యాంగంలోనూ అది తిరిగి రాలేదు. కారణం దుష్టబుద్ధి అనడం తేలిక, కాని సరికాదు. భారీ పరిశ్రమలకు పెట్టుబడి కావాలి. పరదేశం నుంచి దోచుకురావడానికి వలసలు లేవు. కాబట్టి రైతు ధాన్యాన్ని తక్కువ ధరకు సేకరించారు. 1953లో ధాన్యం కొనుగోలు ప్రభుత్వ గుత్తాధిపత్యం అయింది, 1955లో పట్టణవాసులకు రేషను వచ్చింది. రేషను వున్నచోటికి రైతు పరుగెత్తుతాడు గనుక అతన్ని ఆపడానికి హుకౌ వచ్చింది. పట్టణపు రేషను కార్డు కట్టిన గోడ అది. మహాక్షామం తరువాత 1961 నుంచి 1963 వరకు సుమారు 2 కోట్ల మందిని పట్టణాలనుంచి పల్లెలకు తిప్పి పంపగలిగారంటే ఆ రిజిస్టరు శక్తి ఎంతటిదో ఊహించవచ్చు.

అన్నిటికంటె నన్ను కలవరపెట్టే విషయం మరొకటి వుంది. 1998 వరకు బిడ్డకు హుకౌ తల్లినుంచి సంక్రమించింది. తండ్రి షాంఘై కార్మికుడైనా తల్లి పల్లెటూరి రైతుబిడ్డ అయితే బిడ్డ రైతే. భూస్వామిని కూల్చిన విప్లవం, జమీందారీ పత్రాలు తగలబెట్టిన విప్లవం, పుట్టుకతో వచ్చే తరగతిని ఒక ప్రభుత్వ పుస్తకంలో వ్రాసింది. వర్ణవ్యవస్థ కింద నలిగిన దేశంలో పుట్టినవాళ్ళం మనం యీ వాక్యాన్ని తొందరగా దాటిపోకూడదు.

అభ్యుదయవాదులైన నా మిత్రులలో కొందరికి యీ ప్రసంగం రుచించదని నాకు తెలుసు. హుకౌ గురించి మాట్లాడడం పాశ్చాత్య పత్రికల పాటకు తాళం వేయడమని వారి అభ్యంతరం. సత్యాన్ని శత్రువు చెప్పినంతమాత్రాన అది శత్రువు ఆస్తి కాదు. పైగా పాశ్చాత్య పెట్టుబడికి యీ హుకౌ వల్ల కలిగిన మేలు అంతా యింతా కాదు. 1980ల తరువాత సముద్రతీరపు నగరాలలో విదేశీ ఫ్యాక్టరీలు వెలిసినప్పుడు, తాత్కాలిక నివాస పత్రంతో వచ్చి, రేపు తిరిగి పొమ్మంటే పోవలసిన రైతుబిడ్డే వారికి చౌకగా దొరికాడు. సోషలిస్టు పారిశ్రామికీకరణ కోసం కట్టిన గోడను పెట్టుబడి ఒక్క యిటుక కదపకుండా వాడుకుంది.

ఆ కాలంలోనే దాన్‌వెయ్ కూడా కూలింది. 1998 నుంచి 2003 వరకు 2 కోట్ల 80 లక్షలకు పైగా ప్రభుత్వరంగ కార్మికులు పనినుంచి తొలగింపుకు గురయ్యారు. వారి కష్టాలు నిజమైనవి. అయితే సంస్థల యిళ్ళను అందులో వున్నవారికే చౌకగా అమ్మారు; నగరాలలో యింటి ధరలు ఆకాశానికి ఎక్కిన తరువాత ఆ యిళ్ళే ఆస్తులయ్యాయి. ఆ యిళ్ళను యిటుక యిటుకగా కట్టిన వలసకూలీకి అమ్మకంలో పాలు లేదు, ఎందుకంటే అతని పేరు ఆ నగరంలో లేదు. 2003 మార్చిలో సున్ జిగాంగ్ అనే యువకుణ్ణి, పట్టభద్రుణ్ణి, దగ్గర నివాసపత్రం లేదని గ్వాంగ్‌జౌలో నిర్బంధించారు; నిర్బంధంలోనే కొట్టి చంపారు. దేశమంతటా ఆగ్రహం చెలరేగి, ఆ నిర్బంధ విధానం ఆ ఏటనే రద్దయింది. హుకౌ రద్దు కాలేదు. 2020 జనాభా లెక్కల్లో పట్టణాలలో నివసించేవారు 63.89 శాతం, పట్టణ హుకౌ వున్నవారు 45.4 శాతం. ఆ రెండు అంకెల నడుమ సుమారు 26 కోట్లమంది మనుషులున్నారు.

'మనకు అలాంటి గోడ లేదు కదా' అని ఎవరైనా తృప్తిపడవచ్చు. లేదు. 19వ అధికరణం కింద గరివిడివాడు దేశంలో ఎక్కడికైనా పోవచ్చు, ఎక్కడైనా వుండవచ్చు. ఉత్తరాంధ్ర ప్రజలు రాజ్యాంగానికి ఎంతోముందే యీ స్వేచ్ఛను వాడుకున్నారు. బర్మా రాజధానిని మనవాళ్ళు 'రంగం' అన్నారు. 'రంగం పోయాడు' అంటే ఊరు విడిచి బ్రతుకు వెతుక్కుంటూ పోయాడని అర్థం. మేస్త్రీ యిచ్చిన బయానా తీసుకొని ఓడ ఎక్కి రంగూను రేవులో బస్తాలు మోశారు. అక్కడివారు వారిని కోరంగి రేవు పేరుమీద కొరంగీలన్నారు. 1930 మేలో తెలుగు రేవు కూలీలు జీతం పెంచమని సమ్మెకడితే వారిచోట బర్మా కూలీలను పెట్టారు. సమ్మె తీరి తెలుగువారు మళ్ళీ పనిలోకి రాగానే రెండు పేదజాతుల మధ్య నెత్తురు పారింది. లాభం ఓడల కంపెనీలకు పోయింది. 1942లో జపాను దాడితో లక్షలమంది భారతీయులు కాలినడకన అడవులు దాటి తిరిగివచ్చారు.

రంగం తరువాత విశాఖ, విశాఖ తరువాత హైదరాబాదు. మనవాళ్ళు కట్టని మేడ, తవ్వని పునాది అక్కడ అరుదు. ఈ కొత్త వలసకు గోడ లేదు గాని, చైనా ఒక్క పుస్తకంతో చేసినపనిని మన ప్రభుత్వాలు అరడజను చిన్నచిన్న రిజిస్టర్లతో చేశాయి.

మొదటిది బియ్యం కార్డు. 1983లో కిలో 2 రూపాయల బియ్యం వచ్చినప్పుడు పల్లె పేదవాడి పొయ్యి వెలిగిన మాట నిజం. ఆ పథకాన్ని ఎగతాళి చేసిన పట్టణ మేధావులను నేను ఏనాడూ క్షమించలేదు. కాని కార్డు ఊళ్ళోని డిపోకు ముడిపడి వుంది. హైదరాబాదులో తాపీపని చేసే మనిషి అక్కడి బజారు ధరకు బియ్యం కొనుక్కోవాలి. అతని కార్డుమీది బియ్యం గరివిడి దగ్గర ఊళ్ళో ముసలి తల్లిదండ్రులు తెచ్చుకోవాలి. కాబట్టి తల్లిదండ్రులు ఊళ్ళోనే వుండాలి, తరచు పిల్లలు కూడా. శ్రమశక్తి పుట్టి పెరిగే ఖర్చూ, ముసలిదయి రాలిపోయే ఖర్చూ పల్లెమీద. నడిమి ముప్పై ఏళ్ళ కండ మాత్రం నగరానికి! 2019 ఆగస్టు 9న ఆంధ్రప్రదేశ్, తెలంగాణల మధ్య కార్డు ఎక్కడైనా చెల్లే ఏర్పాటు మొదలయింది. మంచిదే, ముప్పై ఆరేళ్ళు ఆలస్యంగా. అయినా ఆ సౌకర్యం 2013 ఆహారభద్రత చట్టం కింద కేంద్రం లెక్కలో వున్న కార్డులకే. ఆ చట్టమే మన రాష్ట్రంలో పల్లె జనాభాలో 60.96 శాతాన్ని, పట్టణ జనాభాలో 41.14 శాతాన్ని మాత్రమే లెక్కలోకి తీసుకుంది. పట్టణంలో ఆకలి తక్కువ అని ఎవరు తూచారో!

రెండవది వలస కార్మికుల చట్టం. 1979లో పార్లమెంటు చేసిన అంతర్‌రాష్ట్ర వలస కార్మికుల చట్టం, కాంట్రాక్టరు ద్వారా పరరాష్ట్రానికి వెళ్ళే కార్మికుడికి నెల జీతంలో సగం స్థానభ్రంశ భత్యంగా, ప్రయాణపు ఖర్చు అదనంగా యివ్వాలన్నది. రాష్ట్రంలోపల వలసపోయేవాడికి వర్తించదు. అంటే 2014 జూన్ 1న హైదరాబాదులో రాయిమోస్తున్న గరివిడి మనిషి వలసకార్మికుడు కాడు. జూన్ 2న తెలంగాణ ఏర్పడిన ఉదయం అదే రాయి, అదే తల, అదే మేస్త్రీ, కాని అతను పరరాష్ట్రీయుడు. ఆ తెల్లవారి అతని చేతికి భత్యం వచ్చిందని ఏ మేస్త్రీ చెప్పగా వినలేదు. ఆ చట్టాన్ని తరువాత 2020 నాటి కోడ్‌లో కలిపివేశారు.

రాష్ట్ర విభజనవల్ల బరువెక్కిన మరొక రిజిస్టరు మన పాఠకులలో అధ్యాపకులకు బాగా తెలిసినదే. 371డి అధికరణం, దాని కింద వచ్చిన 1974, 1975 రాష్ట్రపతి ఉత్తర్వులు వెనుకబడిన ప్రాంతాల రక్షణకోసం పుట్టాయి. ఆ ఉద్దేశాన్ని నేను తప్పుపట్టను, ఉత్తరాంధ్ర విద్యార్థికి అవి నిజంగా అండ. అయితే అవి 'స్థానికుడు' అంటే ఎవరో నిర్ణయించేది ముఖ్యంగా వరుసగా నాలుగేళ్ళు ఎక్కడ చదివాడన్నదానిమీద. బిడ్డను వెంటబెట్టుకొని హైదరాబాదు పోయిన కూలి, అక్కడి బడిలో చదివిస్తే ఆ బిడ్డ యిక్కడ పరాయి. విభజన తరువాత కొన్నేళ్ళు మినహాయింపులు యిచ్చారుగాని, వాటి సంగతి తెలుసుకొని పత్రాలు తెచ్చుకోగలిగినవాడు ఉద్యోగస్థుడి కొడుకే. చైనాలో కూడా వలసకూలీ బిడ్డ విశ్వవిద్యాలయ ప్రవేశపరీక్షకు తన హుకౌ వున్న రాష్ట్రానికి తిరిగిపోవలసి వచ్చేది. 2012 తరువాత అక్కడా సడలింపులు వచ్చాయి, అక్కడా పత్రాలున్నవాడికే. తాతల దగ్గర వదలిన పిల్లలు మా తరగతుల్లో ప్రతి ఏడూ కనబడతారు. హాజరు పట్టీ తెరిచి ఆ పేర్లు పిలిచేటప్పుడు, నేనూ ఒక రిజిస్టరు పట్టుకొని తిరిగేవాణ్ణే కదా అనిపిస్తుంది.

విశాఖ ఉక్కు కర్మాగారం చరిత్రలో యీ రిజిస్టరు అన్నిటికంటె బాహాటంగా కనబడుతుంది. 1966 ఉద్యమంలో 32 మంది ప్రాణాలిచ్చారు. 1971 జనవరిలో శంకుస్థాపన జరిగింది. 64 గ్రామాలు ఖాళీ అయ్యాయి. భూమి పోయిన సుమారు 16 వేల కుటుంబాలకు 'ఆర్ కార్డు' యిచ్చారు, ఉద్యోగం వస్తుందనే హామీతో. దాదాపు సగం కార్డులకే ఉద్యోగం వచ్చింది. ఒకే ఊరు, ఒకే గట్టు, ఒకే నష్టం. ఒకరి కొడుకు టౌన్‌షిప్పు క్వార్టరులో, మరొకరి కొడుకు అదే టౌన్‌షిప్పు గేటు బయట కాంట్రాక్టరు వరుసలో. 2021 జనవరిలో కేంద్రం కర్మాగారాన్ని అమ్మివేయ నిశ్చయించినప్పుడు, ఉద్యమ శిబిరంలో పర్మినెంటు కార్మికులూ కాంట్రాక్టు కార్మికులూ ఒకే గుడారం కింద కూర్చోవడం నాకు చిన్నవిషయంగా తోచదు.

మన విమర్శకులు ఉత్తరాంధ్ర దారిద్ర్యాన్ని చూసినప్పుడు అప్పును చూశారు, భూమిని చూశారు. కాళీపట్నం రామారావుగారి 'యజ్ఞం' 1964లో వచ్చింది మొదలు మన సాహిత్య సభలలో అప్పు న్యాయమా, అన్యాయమా అని ఎంత వాదించుకున్నామో! ఆ వాదం అవసరమైనదే. ఊరు దాటి పట్టణంలో అడుగుపెట్టిన మనిషిని ఏ కాగితం ఎక్కడ నిలబెడుతున్నదో అంత శ్రద్ధగా చూడలేదని నా ఫిర్యాదు.

2020 మార్చిలో నాలుగు గంటల వ్యవధితో దేశాన్ని మూసివేసినప్పుడు ఆ కాగితాలన్నీ ఒక్కసారిగా రోడ్డుమీద పడ్డాయి. గుజరాత్‌లోని వెరావల్ రేవులో చిక్కుకుపోయిన మన తీరపు మత్స్యకారులు వేలమంది ఏప్రిల్ చివర బస్సుల్లో తిరిగివచ్చారు. ఒరిస్సాకు, బెంగాలుకు నడిచిపోయేవారు మన జిల్లాల మీదుగానే నడిచారు. పని ఆగిన క్షణాన నగరానికి వారు ఎవరూ కారు.

ఒక్క రిజిస్టరు మాత్రం వలసకూలీని వెతుక్కుంటూ నగరానికి పోతుంది. అతని ఓటు ఊళ్ళోనే వుంది. నగరంలో ఓటు లేదు గనుక మురికివాడలో కుళాయి రాకపోయినా, బడి లేకపోయినా అక్కడి కౌన్సిలరుకు అతనితో పనిలేదు; ఏడాదికి పది నెలలు ఊళ్ళో వుండడు గనుక యిక్కడి సర్పంచికీ పనిలేదు. ఎన్నికల ముందురోజున మాత్రం బస్సులు మాట్లాడుతారు, దారిఖర్చు యిస్తారు, భోజనం పెడతారు. పోలింగు అయిన మర్నాడు సాయంత్రానికి ఆ బస్సులే గరివిడి స్టేషన్ రోడ్డు మీదుగా వాళ్ళను ఎక్కించుకొని తిరిగిపోతాయి. ఆ ప్రయాణానికి దారిఖర్చు ఎవరి జేబులోంచి అన్నదానిమీద ప్రతిసారీ పేచీ.